స్టేకి ఎక్స్‌పైరీ డేటు ఉండదా?

ముందే చెప్పేస్తున్నా, నేను లాయర్ని కాను. జావా రాసుకుని ఈఎమ్ఐలు కట్టుకునే సగటు సాఫ్ట్‌వేరు జీవిని. చట్టంతో నా పరిచయమంతా మా బాబాయి కేసు వల్ల వచ్చిందే. కాబట్టి లాయరు మిత్రులెవరైనా చదువుతుంటే, తప్పుంటే తిట్టండి, దిద్దుకుంటాను. కానీ "నీకెందుకయ్యా ఇవన్నీ" అని మాత్రం అనకండి. ఎందుకో చివర్లో చెప్తాను.

మాది తాడేపల్లి. ఒకప్పుడు మా ఊరి పేరు చెబితే "తాడేపల్లిగూడెమా?" అని అడిగేవాళ్ళు. కాదండీ బాబూ, బెజవాడ నుంచి ప్రకాశం బ్యారేజీ దాటితే వచ్చే తాడేపల్లి అని చెప్పుకోవాల్సొచ్చేది. 2014 తర్వాత ఆ బాధ తీరింది. ఒక ముఖ్యమంత్రి పక్కనే ఉండవల్లి కరకట్ట మీద ఇల్లు పెట్టారు. తర్వాతాయన ఏకంగా మా ఊళ్ళోనే ఇల్లు కట్టుకున్నారు. రాజధానికి తీసుకున్న మూడు మండలాల్లో మాదీ ఒకటి. హైకోర్టున్న నేలపాడు మా ఇంటినుంచి ఒక బండి ప్రయాణం. దాంతో మా ఊళ్ళో టీ కొట్టు దగ్గర కూర్చున్న ప్రతివాడూ సగం లాయరు, సగం రాజకీయ విశ్లేషకుడు అయిపోయాడు. "క్వాష్", "స్టే", "పదిహేడు ఏ" లాంటి మాటలు టీ గ్లాసులతో సమానంగా తిరుగుతుంటాయి.

మా ఇంజనీరింగు బ్యాచి వాట్సాప్ గ్రూపులో కూడా ఇదే గోల. ఇద్దరున్నారు. ఒకడు పసుపు, ఒకడు నీలం. ఇద్దరూ మంచి కోడర్లే, ఇద్దరికీ లాజిక్కు బాగా తెలుసు. కానీ కోర్టు వార్త వచ్చిందంటే మాత్రం లాజిక్కు లాగౌట్ అయిపోతుంది. తన నాయకుడి కేసులో దర్యాప్తు ఆగితే "న్యాయం గెలిచింది" అని చప్పట్ల బొమ్మలు. అవతలి నాయకుడి కేసులో ఆగితే "వ్యవస్థల్ని మేనేజ్ చేశారు". పేర్లు మార్చి చూస్తే రెండు మెసేజిలూ ఒకటే. కాపీ పేస్టు.

నా గొడవ వాళ్ళతో కాదు. ఇద్దరూ అడగని ప్రశ్న ఒకటుంది. నడుస్తున్న క్రిమినల్ కేసులో పై కోర్టు ఎప్పుడు వేలు పెట్టాలి? పెడితే ఎంతవరకు? ఎన్నాళ్ళు?

మా బాబాయి కథ

2015లో మా బాబాయి సత్తెనపల్లి వైపు మూడెకరాలు కౌలుకి తీసుకుని తేజ రకం మిర్చి వేశాడు. నూట ఇరవై టిక్కీలు వచ్చాయి. గుంటూరు మిర్చి యార్డుకి తోలాడు. ఎప్పుడూ వేసే కమిషన్ ఏజెంటే. "రేటు పెరుగుద్ది, డబ్బు నా దగ్గరే ఉండనీ, వడ్డీ కలిపి ఇస్తా" అన్నాడు. పాత పరిచయం కదా అని మా వాడు ఊరుకున్నాడు. మొత్తం నాలుగు లక్షల ముప్పై వేలు. మూణ్ణెల్ల తర్వాత పొద్దున్నే ఫోనొచ్చింది. ఆయన ఐపీ పెట్టాడు.

గుంటూరు వాళ్ళకి "ఐపీ" అంటే ఇంటర్నెట్టు ప్రోటోకాల్ కాదు :) చేతులెత్తేసి దివాలా పిటిషను వేయడం. ఈ మాట వింటే మా ప్రాంతంలో రైతుకి గుండె జారిపోతుంది.

ఆయన దగ్గర ఇరుక్కున్నవాళ్ళు పదకొండు మంది రైతులు. ఐపీకి ముందు ఆరు నెలల్లో ఆయన స్థలాలన్నీ బంధువుల పేరు మీదకి మారాయని తెలిసింది. అంతా కలిసి పోలీసు స్టేషనుకి వెళ్ళారు. 420 కేసు కట్టారు. పోలీసులు నిజంగానే పని చేశారు, అభియోగపత్రం కూడా వేశారు. కింది కోర్టులో నంబరయింది. ఇక సాక్ష్యం మొదలవుతుందనగా, 2017లో, ఆ పెద్దమనిషి పై కోర్టుకి వెళ్ళి క్వాష్ పిటిషను వేశాడు. వాదన ఒకటే: ఇది డబ్బు లావాదేవీ, సివిల్ తగాదా, దీనికి క్రిమినల్ రంగు పూశారు. మొదటి రోజే స్టే వచ్చింది. "తదుపరి ఉత్తర్వుల వరకు."

ఆ "తదుపరి" ఆరేళ్ళకి వచ్చింది. 2023లో. రెండు పేజీల ఆర్డరు. సారాంశం ఏంటంటే, ఇవన్నీ సాక్ష్యం చూసి తేల్చాల్సిన సంగతులు, కింది కోర్టులోనే తేల్చుకోండి, పిటిషను కొట్టేశాం. అంటే మొదటి రోజు చెప్పగలిగిన మాట! రెండు పేజీలకి ఆరేళ్ళు. పేజీకి మూడేళ్ళు.

ఈ ఆరేళ్ళలో పదకొండు మందిలో ఇద్దరు పోయారు. ఏజెంటు దగ్గర చీటీలు రాసిన గుమస్తా ఊరొదిలి పోయాడు. మా బాబాయి ట్రంకు పెట్టెలో దాచుకున్న తక్‌పట్టీ మీద కార్బను రాత వెలిసిపోయింది. ఇప్పుడు విచారణ మొదలయింది. అవతలి లాయరు మా బాబాయిని అడిగిన మొదటి ప్రశ్న: "ఆ రోజు క్వింటా రేటెంత?" పదేళ్ళ కిందటి రేటు! తడబడ్డాడు. ఆ తడబాటు రికార్డులోకి ఎక్కింది.

ఏ కోర్టో, ఏ బెంచో నేను చెప్పను. జడ్జిగారిని తిట్టే ఉద్దేశం నాకు లేదు. ఆ రోజు ఆయన ముందు ఎన్ని ఫైళ్ళున్నాయో ఎవరికి తెలుసు. నేను మాట్లాడుతున్నది పద్ధతి గురించి.

అసలు చట్టం ఏమంటోంది

పాత సీఆర్‌పీసీలో 482 అని ఒక సెక్షను ఉండేది. 2024 జూలై 1 నుంచి వచ్చిన కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్‌లో అది 528 అయింది. కోర్టు ప్రక్రియ దుర్వినియోగం కాకుండా చూడటానికి, న్యాయం జరిగేలా చూడటానికి హైకోర్టుకి సహజంగా ఉన్న అధికారాలు అలాగే ఉంటాయని దాని అర్థం. మన భాషలో చెప్పాలంటే రూట్ యాక్సెస్. ఎవరికీ ఇవ్వకూడదని కాదు. ఒకరికి ఉండాలి. కానీ రూట్ పాస్‌వర్డు ఉంది కదా అని రోజూ అందులోనే లాగిన్ అయి పని చేసేవాణ్ణి ఏమంటాం?

ఈ సంగతి కొత్తగా నేను కనిపెట్టింది కాదు. 1944లోనే ప్రీవీ కౌన్సిల్ ఖ్వాజా నజీర్ అహ్మద్ కేసులో చెప్పింది: దర్యాప్తు పోలీసుల పని, తీర్పు కోర్టు పని, ఒకరి పనిలో ఒకరు దూరకూడదు. స్వాతంత్ర్యం వచ్చాక సుప్రీంకోర్టు దాన్నే మెరుగుపరిచి 1990 నవంబరులో భజన్‌లాల్ కేసులో ఏడు రకాల సందర్భాలు లెక్కగట్టింది. ఫిర్యాదులో రాసిందంతా నిజమే అనుకున్నా నేరం కాకపోతే కొట్టేయొచ్చు. చట్టమే అడ్డుంటే కొట్టేయొచ్చు. కేవలం కక్షతో పెట్టారని పైకే కనబడుతుంటే కొట్టేయొచ్చు. ఇలా ఏడు. ఇవీ అరుదుగానే వాడాలన్నారు. ఆ ఇద్దరు జడ్జిల బెంచిలో ఒకరు జస్టిస్ కె. జయచంద్రారెడ్డి, మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్ళినవారే.

ఇందులో తమాషా ఏంటంటే, దేశంలో క్వాష్ పిటిషను వేసే ప్రతి లాయరూ భజన్‌లాల్ పేరు జపం చేస్తాడు. ఆ కేసులో హైకోర్టు కొట్టేసిన ఎఫ్‌ఐఆర్‌ని సుప్రీంకోర్టు మళ్ళీ బతికించింది! దర్యాప్తు చేసిన అధికారికి సరైన అనుమతి లేదని ఆ దర్యాప్తుని మాత్రమే రద్దు చేసింది. ఎఫ్‌ఐఆర్ ఉంచేసింది. అంటే డాక్యుమెంటేషనులో "చేయకూడని ఉదాహరణ" అని ఇచ్చిన కోడుని మనవాళ్ళు కాపీ కొట్టి ప్రొడక్షనులో పెట్టినట్టన్నమాట.

తర్వాత 2017 జనవరి 6న మన ఉమ్మడి హైదరాబాద్ హైకోర్టు నుంచి వెళ్ళిన కేసులోనే సుప్రీంకోర్టు ఇంకోటి తేల్చింది. అక్కడ హైకోర్టు ఎఫ్‌ఐఆర్ కొట్టేయడానికి ఒప్పుకోలేదు. కానీ వెళ్తూ వెళ్తూ దర్యాప్తు పూర్తయ్యేదాకా అరెస్టు చేయొద్దని చెప్పి పంపింది. కొట్టేయడానికి ఏమీ లేదంటూనే ముందస్తు బెయిలు లాంటిది చేతిలో పెట్టడం ఏంటి, ఇది చెల్లదు అంది సుప్రీంకోర్టు. 2021 ఏప్రిల్ 13న నీహారిక కేసులో ముగ్గురు జడ్జిలు ఇదే మాట ఇంకా గట్టిగా చెప్పారు: దర్యాప్తు మొదట్లోనే గొంతు నొక్కొద్దు, కారణాలు రాయకుండా "కఠిన చర్యలు వద్దు" అనే గుండుగుత్త ఆర్డర్లు ఇవ్వొద్దు, అరెస్టు భయముంటే ముందస్తు బెయిలుకి వెళ్ళమనండి.

అంటే రూలు లేక కాదు. ఉన్న రూలు కింద దాకా దిగట్లేదు.

మన ఊరి పక్కన జరిగినవి

ఇప్పుడు అసలు నిప్పులో చెయ్యి పెడతాను. రెండు రంగుల మిత్రులూ సీటు బెల్టులు పెట్టుకోండి.

ఒకటి, అమరావతి భూములు. 2020 సెప్టెంబరు 15న మాజీ అడ్వొకేట్ జనరల్ దమ్మాలపాటి శ్రీనివాస్, మరికొందరి మీద ఏసీబీ ఎఫ్‌ఐఆర్ కట్టింది. అదే రోజు హైకోర్టు తదుపరి చర్యలు ఆపేసింది. ఆపడమే కాదు, ఆ ఎఫ్‌ఐఆర్‌లో ఏముందో పేపర్లు, టీవీలు, సోషల్ మీడియా రాయకూడదంది. మర్నాడే, సెప్టెంబరు 16న, గత ప్రభుత్వ నిర్ణయాల మీద వేసిన సిట్ దర్యాప్తుని ఇంకో ఆర్డరుతో ఆపింది. రాయకూడదన్న భాగాన్ని సుప్రీంకోర్టు నవంబరు 25న నిలిపేసింది. సిట్ మీద స్టే మాత్రం 2023 మే 3 దాకా బతికింది. ఆ రోజు సుప్రీంకోర్టు ఏమంది? అంత తొలి దశలో ఆపి ఉండాల్సింది కాదు అంది. మంచిదే. కానీ అప్పటికి రెండేళ్ళ ఏడు నెలలు గడిచిపోయాయి. ఇంకో ఏడాదిలో ఎన్నికలు. తప్పు చేసినవాళ్ళుంటే బయటపడలేదు, చేయనివాళ్ళకి మచ్చ పోలేదు. ఎవరికి ఉపయోగం?

ఇదే అమరావతి భూముల మీద ఇంకో ఎఫ్‌ఐఆర్ ఉంది, "ఇన్‌సైడర్ ట్రేడింగ్" అని బాగా మోగిన కేసు. దాన్ని 2021 జనవరి 19న జస్టిస్ మానవేంద్రనాథ్ రాయ్ పూర్తిగా కొట్టేశారు. షేర్ మార్కెట్ చట్టంలో ఉన్న నేరాన్ని తెచ్చి భూమి కొనుగోలుకి అంటించడం కుదరదన్నారు. ప్రభుత్వం సుప్రీంకోర్టుకి వెళ్ళింది, జూలై 19న అక్కడా ఓడిపోయింది. మా నీలం మిత్రుడికి కోపం రావచ్చు గానీ, నాకు ఈ పద్ధతితో పేచీ లేదు. ఇరువైపులా విన్నారు. కారణాలు రాశారు. పైకి వెళ్తే ఆర్నెల్లలో తేలిపోయింది. కొట్టేయదలచుకుంటే అలా కొట్టేయండి. నడి సముద్రంలో లంగరు వేసి వెళ్ళిపోవడం ఎందుకు?

రెండు, స్కిల్ డెవలప్‌మెంట్ కేసు. 2023 సెప్టెంబరు 9న చంద్రబాబుగారిని నంద్యాలలో అరెస్టు చేశారు. క్వాష్ పిటిషను వేశారు. సెప్టెంబరు 22న హైకోర్టు కొట్టేసింది. 140 మందికి పైగా సాక్షుల్ని విచారించారు, నాలుగు వేలకు పైగా పత్రాలు సేకరించారు, ఈ దశలో మేం మినీ విచారణ జరపలేం అంది. అక్టోబరు 31న ఆరోగ్య కారణాల మీద మధ్యంతర బెయిలు, నవంబరు 20న మామూలు బెయిలు ఇచ్చింది. 2024 జనవరి 16న సుప్రీంకోర్టులో 17ఏ అనుమతి మీద ఇద్దరు జడ్జిలు చెరో మాటా చెప్పారు గానీ, ఆ కారణంతో రిమాండు ఆర్డరు చెల్లకుండా పోదని ఇద్దరూ అన్నారు.

చూడండి, 2020లో "దర్యాప్తు ఆపడం హైకోర్టు హక్కు" అని మూడు పేజీలు టైపు చేసిన మా పసుపు మిత్రుడే, మూడేళ్ళ తర్వాత "హైకోర్టు ఎందుకు ఆపలేదు" అని కన్నీళ్ళు పెట్టుకున్నాడు. పైకి రెండూ ఒకే వాదనలా ఉంటాయి. కానీ ఆపాలా వద్దా అనేది కేసు ఏ దశలో ఉంది, ఏ కారణం చూపిస్తున్నారు అన్నదాన్ని బట్టి ఉండాలి. వాడికి ఆ రెండూ అక్కర్లేదు. పేరుంటే చాలు.

మూడు, వివేకా హత్య. నీలం మిత్రుడు నవ్వుతున్నాడేమో, ఇది వాడి వంతు. 2019 మార్చి 15న హత్య. 2023 ఏప్రిల్ 18న తెలంగాణ హైకోర్టు, అవినాష్ రెడ్డిగారి పిటిషను మీద, కొద్ది రోజులు అరెస్టు వద్దని చెప్పి, ప్రశ్నలు రాసి ఇవ్వండి అని సీబీఐకి చెప్పింది. ప్రశ్నాపత్రం! ఆరు రోజుల్లో, ఏప్రిల్ 24న, సుప్రీంకోర్టు ఆ ఆర్డరుని పక్కన పెట్టింది. ఇలా అయితే దర్యాప్తే పక్కదారి పడుతుందంది. తర్వాత మే 31న అదే హైకోర్టు ఆయనకి మామూలు పద్ధతిలో ముందస్తు బెయిలు ఇచ్చింది. సరే, అది బెయిలు. నచ్చకపోతే పైకి వెళ్ళొచ్చు. దర్యాప్తు ఎలా చేయాలో నేర్పించడం వేరు, మనిషిని జైల్లో పెట్టాలా వద్దా చూడటం వేరు. 2020లో దర్యాప్తు ఆపినందుకు కోర్టుల్ని తిట్టిపోసిన మా వాడు ఏప్రిల్ 18న మాత్రం పార్టీ చేసుకున్నాడు. బిల్లు నేనే కట్టాను.

"మరి దొంగ కేసుల సంగతేంటి?"

ఈ ప్రశ్న వస్తుందని తెలుసు. రావాలి కూడా. నేనేమీ పోలీసుల అభిమాన సంఘం అధ్యక్షుణ్ణి కాదు.

మన రాష్ట్రంలో పోలీసు ఎలా పని చేస్తాడో మనకి తెలుసు. 2020లో గుంటూరులో ఒక పెద్దావిడ మీద ఫేస్‌బుక్ పోస్టుకి సీఐడీ కేసు పెట్టింది. 2021 మేలో అప్పటి ఎంపీ రఘురామకృష్ణరాజుగారిని హైదరాబాద్‌లో అరెస్టు చేసి గుంటూరు సీఐడీ ఆఫీసుకి తెచ్చారు. కొట్టారని ఆయన ఆరోపించారు. సుప్రీంకోర్టు సికింద్రాబాద్ ఆర్మీ ఆసుపత్రిలో పరీక్ష చేయించి, ఆ నివేదిక చూసి మే 21న బెయిలిచ్చింది. ఇంకోపక్క, 2021 అక్టోబరు 19న మంగళగిరి టీడీపీ ఆఫీసు మీద దాడి జరిగితే, ఆ కేసులో చెప్పుకోదగ్గ అరెస్టులు 2024లో ప్రభుత్వం మారాకే కనబడ్డాయి. కొట్టమంటే కొడతాడు, పడుకోమంటే పడుకుంటాడు. ఇలాంటి పోలీసు చేతికి మనల్ని వదిలేసి హైకోర్టు చేతులు కట్టుకు కూర్చోవాలా?

అక్కర్లేదు. వివేకా కేసు దర్యాప్తుని 2020 మార్చిలో సీబీఐకి ఇచ్చింది ఏపీ హైకోర్టే. విచారణని 2022 నవంబరులో హైదరాబాద్‌కి మార్చింది సుప్రీంకోర్టే. ఆ జోక్యాలు లేకపోతే ఆ కేసు పులివెందులలోనే మట్టిలో కలిసిపోయేది. నేను జోక్యమే వద్దనట్లేదు. పైన చెప్పిన మంచి ఉదాహరణల్లో ఒక పోలిక గమనించండి. రఘురామ కేసులో కోర్టు మనిషిని కాపాడింది, కేసుని ఆపలేదు. వివేకా కేసులో దర్యాప్తుని వేరే చేతికిచ్చింది, ఆపలేదు.

నా మొత్తం వాదన ఈ ఒక్క వాక్యంలో ఉంది: మనిషిని కాపాడండి, కేసుని ఆపకండి.

అరెస్టు అన్యాయమా? బెయిలివ్వండి, రాత్రికి రాత్రే ఇవ్వండి. ఏడేళ్ళ లోపు శిక్ష పడే నేరాలకి ముందు నోటీసివ్వాలని 2014లోనే అర్నేష్ కుమార్ కేసులో చెప్పారు, దాన్ని పోలీసుల చేత కచ్చితంగా పాటింపజేయండి. కొట్టారా? కొట్టినవాడి మీద కేసు పెట్టించండి. పోలీసుని నమ్మలేమా? వేరే ఏజెన్సీకివ్వండి. కేసులో పసే లేదా? వినేసి, కారణం రాసి, కొట్టేయండి. ఇన్ని దారులుండగా, అటూ ఇటూ కాకుండా ఏళ్ళ తరబడి ఆపి ఉంచడం ఎవరిని కాపాడుతుంది? నిర్దోషికి కూడా అది శిక్షే. పాస్‌పోర్టు దగ్గర్నుంచి ఉద్యోగం దాకా "పెండింగు కేసుంది" అని రాసుకోవాలి పాపం.

బెయిలూ, విచారణా పక్కపక్కనే నడవగలవు అనడానికి మన సాఫ్ట్‌వేరు వాళ్ళకి తెలిసిన ఉదాహరణే ఉంది. సత్యం. 2009 జనవరి 7న రామలింగరాజుగారి ఉత్తరం. 2010 ఆగస్టులో హైకోర్టు బెయిలు, అక్టోబరులో సుప్రీంకోర్టు రద్దు, 2011 నవంబరులో సుప్రీంకోర్టే మళ్ళీ బెయిలు. బెయిలు ఇలా వస్తూ పోతూ ఉన్నా 2015 ఏప్రిల్ 9న హైదరాబాద్ ప్రత్యేక కోర్టు పది మందిని దోషులంటూ తీర్పిచ్చింది. తర్వాత అప్పీళ్ళు, శిక్ష నిలుపుదల, అదంతా వేరే కథ. కానీ తీర్పంటూ ఒకటి వచ్చింది. ఆ కంపెనీలో డబ్బు పెట్టి పోగొట్టుకున్నవాడికి, ఉద్యోగం ఏమవుతుందో తెలియక నిద్రపోనివాడికి ఏం జరిగిందో కాగితం మీద తెలిసింది.

కొత్త చట్టంలో ఒక వింత చూశారా? పాత 482 క్వాష్ సెక్షను. కొత్త బీఎన్ఎస్ఎస్‌లో 482 అంటే ముందస్తు బెయిలు! నంబర్లు సర్దినవాళ్ళు కావాలని చేశారో కాదో గానీ, ఇంతకన్నా మంచి సలహా ఇంకొకటి లేదు :)

టైమౌట్ లేని లాక్

మనవాళ్ళకి మన భాషలో చెప్తాను. డేటాబేసులో ఒక ట్రాన్సాక్షను ఒక రికార్డు మీద లాక్ తీసుకుంది. పని చేయట్లేదు, వదలట్లేదు. వెనకాల క్యూలో అందరూ ఆగిపోయారు. టైమౌట్ పెట్టకుండా ఇలాంటి కోడు రాసినవాణ్ణి రివ్యూలో ఏమంటారు? స్టే అంటే అచ్చంగా ఆ లాకే.

2018 మార్చి 28న ఏషియన్ రీసర్ఫేసింగ్ కేసులో సుప్రీంకోర్టు టైమౌట్ పెట్టింది: స్టే ఆరు నెలలే, కారణాలు రాసి పొడిగిస్తే తప్ప దానంతటదే పోతుంది. ఆ వార్త పేపర్లో చదివిన రోజు మా బాబాయి నాకు ఫోన్ చేసి "ఒరేయ్ అబ్బాయ్, మనకీ వర్తిస్తదంటనా?" అన్నాడు. వర్తించింది. ఆయన లాయరు కింది కోర్టులో మెమో వేశాడు. వచ్చే వాయిదాకల్లా అవతలివాళ్ళు పొడిగింపు తెచ్చుకున్నారు. కారణం? ఒక్క లైను.

2024 ఫిబ్రవరి 29న అయిదుగురు జడ్జిల బెంచి ఆ తీర్పునే తిరగ్గొట్టింది. నిజాయితీగా చెప్పాలంటే, వాళ్ళ తర్కం చదివితే కాదనలేం. స్టే తెచ్చుకున్నవాడి తప్పు లేకుండా, కోర్టుకి తీరిక లేక కేసు వినకపోతే, అతని రక్షణ దానంతటదే ఎగిరిపోవడం అన్యాయం కదా అన్నారు. నిజమే. టైమౌట్ గుడ్డిగా పెడితే పనిచేస్తున్న ట్రాన్సాక్షను కూడా చచ్చిపోతుంది. కానీ ఆ తీర్పులోనే ఇంకో మాట ఉంది, దాన్నెవరూ హెడ్‌లైను చేయలేదు. అవతలి పక్షాన్ని వినకుండా ఇచ్చే స్టే మామూలుగా కొద్ది కాలానికే ఇవ్వాలి, ఇద్దర్నీ విన్నాకే కొనసాగించాలా వద్దా తేల్చాలి అని.

అది జరిగితే చాలు. నేనడిగేది విప్లవం కాదు. నాలుగు ముక్కలు:

1. భయం అరెస్టు గురించి అయితే బెయిలు తలుపు చూపించండి. దర్యాప్తు తలుపు మూయకండి.

2. ఆపక తప్పకపోతే ఎందుకాపారో నాలుగు వాక్యాలైనా రాయండి. "తదుపరి ఉత్తర్వుల వరకు" కారణం కాదు.

3. ఒకవైపే విని ఇచ్చిన స్టేకి తేదీ పెట్టండి, ఆ తేదీన కచ్చితంగా వినండి. స్టే తెచ్చుకున్నవాడే వాయిదా అడిగితే స్టే పోవాలి. కోర్టుకి తీరిక లేకపోతే ఉండనివ్వండి, అతని తప్పు కాదు కాబట్టి.

4. స్టేలో ఉన్న క్రిమినల్ కేసులన్నీ ఒక ప్రత్యేక జాబితాగా ప్రతి నెలా నెట్లో పెట్టండి, ఎన్నేళ్ళుగా ఉన్నాయో పక్కన అంకెతో సహా. మన దగ్గర డ్యాష్‌బోర్డులో ఎర్ర రంగు కనబడితే ఎంత కదలిక వస్తుందో మీకు తెలుసు.

ఎవరి కోసం

"పెద్దోళ్ళ కేసులు కదా, మనకెందుకు" అంటారు కొందరు. పెద్దోళ్ళకి ఆరు రోజుల్లో సుప్రీంకోర్టు దొరుకుతుంది. రూలు తప్పితే సరిదిద్దించుకునే లాయర్లు అటూ ఇటూ ఉంటారు. పదకొండు మంది మిర్చి రైతులకి ఢిల్లీ టిక్కెట్టు ఎవరు తీస్తారు?

ఆలస్యం సాక్ష్యాన్ని తినేస్తుందని మన జిల్లాకి తెలిసినంతగా ఎవరికి తెలుసు? అప్పటి గుంటూరు జిల్లా చుండూరులో 1991 ఆగస్టు 6న ఎనిమిది మంది దళితుల్ని చంపారు. ప్రత్యేక కోర్టు తీర్పొచ్చింది 2007 జూలై 31న. 56 మందికి శిక్షలు. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు నేరం రుజువు కాలేదని అందర్నీ వదిలేసింది. అక్కడ ఆలస్యానికి కారణాలు వేరు, దాన్ని స్టేల ఖాతాలో వేయను. కానీ పదహారేళ్ళ తర్వాత బోనెక్కిన సాక్షి జ్ఞాపకానికీ, పదహారు వారాల తర్వాత ఎక్కిన సాక్షి జ్ఞాపకానికీ తేడా చెప్పడానికి లా డిగ్రీ అక్కర్లేదు.

ఇక "నీకెందుకు" అన్న ప్రశ్నకి జవాబు. మా బాబాయికి ఇప్పుడు అరవై ఎనిమిది. వాయిదా ఉన్న రోజు పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని, ఆ వెలిసిపోయిన తక్‌పట్టీ ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని బస్సెక్కుతాడు. నేను ఊళ్ళో ఉంటే బండి మీద దింపుతాను. మొన్న వస్తూ వస్తూ దారిలో అడిగాడు:

"ఒరేయ్, మీ కంప్యూటర్లలో ఏదైనా ఆపితే మళ్ళీ ఎప్పుడు మొదలెట్టాలో రాసుకుంటారంటగా?"

"అవును బాబాయ్."

"మరి వీళ్ళు రాసుకోరేంటిరా?"

నా దగ్గర జవాబు లేదు. మీ దగ్గరుంటే చెప్పండి. పార్టీ పేరు ఎత్తకుండా చెప్పాలి, అదొక్కటే షరతు.